మైనం దారం

ఎర్రకుంటలో నెట్ పోయిన సంగతి ముందుగా బయటపడేది పాలకేంద్రం ముందర. పాలు పోసి, చలికి ఒక చెయ్యి చంకలో దాచుకుని, రెండో చేత్తో కేంద్రం వైఫై మీద ఫోన్ చూస్తూ నిలబడ్డ జనం చేతుల్లో బొమ్మలన్నీ ఒక్కసారే ఆగిపోతాయి. వెంటనే పది తలలు రోడ్డవతలికి తిరుగుతాయి, ఈరవ్వ చెరకు మడిలో పొగ లేచిందా అని.

ఆ శుక్రవారం కూడా లేచింది.

"ఇగో, ముసల్ది మంట పెట్టింది. నెట్ పాయె," అన్నాడు పాలు పోసిన ఒకతను. ఈరవ్వకు యాభై కూడా నిండలేదు. కోపం వస్తే ఎవరి వయసైనా పెరుగుతుంది.

పదిహేను రోజులుగా ఇదే వరస. తెల్లవారి అయిదున్నరకు నెట్ పోతుంది. ఎండెక్కి తొమ్మిదయ్యేసరికి తనంతట తనే వస్తుంది. సరిగ్గా ఆ వేళకే ఈరవ్వ తన మడిలో కోత కూలీలు వదిలిపోయిన ఎండుటాకును కొంచెం కొంచెం కుప్పలు చేసి కాలుస్తుంది. పొద్దున్నే అయితే గాలి ఉండదు, మంట పక్క మడికి పాకదు, ఒక్క మనిషే చూసుకోవచ్చు. మడి గట్టు మీదే స్తంభం, స్తంభం మీదుగానే బోధన్ నుంచి వచ్చే ఫైబర్ తీగ. ఇంతకన్నా సాక్ష్యం ఇంకేం కావాలని ఊరు తేల్చేసింది. ఇదే ఊళ్ళో పదిహేనేళ్ళ కింద ఒక్క ఫోటో తెరుచుకునే లోపల చాయ్ తాగి వచ్చేవాళ్ళు, అయినా ఎవరూ నోరెత్తలేదు. ఇప్పుడు తెర మీద ఆ గుండ్రటి చక్రం రెండు చుట్లు తిరిగితే చాలు, అనిల్‌కుమార్ ఇంట్లో వాళ్ళందరినీ తలుచుకుంటారు.

అనిల్‌కుమార్ బోధన్‌లో నెట్ నడిపే ఆపరేటరు. తండ్రి టీవీ కేబుల్ లాగాడు, ఇతను ఫైబర్ లాగుతున్నాడు. చెడ్డవాడు కాదు. కాకపోతే అరవై ఇళ్ళ వాళ్ళు ఒకేసారి ఫోన్ చేసి తిడితే మంచివాడికి కూడా ఎవరో ఒకరి మీద కోపం తీర్చుకోవాలనిపిస్తుంది. ఆ పొద్దున కారు దిగుతూనే స్తంభం దిక్కు వేలు చూపించాడు.

"ఆశన్నా, నిచ్చెన వెయ్. ఈరవ్వ ఇంటి తీగ కట్ చెయ్."

ఆశన్న మోటార్‌సైకిల్ మీంచి నిచ్చెన దించాడు గానీ ఎత్తలేదు. యాభై నాలుగేళ్ళ మనిషి. అందులో ఇరవై ఆరేళ్ళు టెలిఫోన్ రాగి తీగలకు జాయింట్లు వేసినవాడు. గత మూడేళ్ళుగా అనిల్‌కుమార్ దగ్గర గాజు పోగులు అతుకుతున్నాడు.

"అనిల్, ఒక్కమాట. మంటకు కాలిన తీగ మళ్ళ బతకది గద. ఇది తొమ్మిదింటికి దానంతటదే ఎట్లొస్తున్నది?"

"సెగకు సాగుతున్నదేమో, సల్లబడ్డంక సర్దుకుంటున్నదేమో. నాకేం తెలుసన్నా. మంట పెట్టినప్పుడే పోతున్నది, గంతే." అనిల్‌కుమార్ గొంతు తగ్గించాడు. "నెలాఖరుకు పాతోళ్ళల్ల ఇద్దరిని తీసెయ్యమని నిజామాబాద్ కంపెనీ ఆఫీసు నా మీద కూసున్నది. గీ లైన్ సోమవారం లోపల నిలబడకపోతే నిన్ను నేను కాపాడలేను."

ఈలోపు ఈరవ్వ ఇంట్లోంచి కూతురు సౌందర్య పరుగున వచ్చింది. మెడలో హెడ్‌ఫోన్ వేలాడుతోంది. హైదరాబాద్‌లోని ఒక ఆస్పత్రికి ఇంటి నుంచే ఫోన్లెత్తి రోగులకు డాక్టర్ల టైములు రాసిచ్చే ఉద్యోగం. పొద్దున ఆరింటికి కంప్యూటర్‌లో లాగిన్ కావాలి. పదిహేను రోజులుగా మేడ మీద మూల నిలబడి, ఉందో లేదో తెలియని సెల్ సిగ్నల్‌తో నెట్టుకొస్తోంది.

"కాకా, సోమవారం దాక ఆగుండ్రి, గాలోపు లైన్ బాగైతదేమో. సోమవారం నా మూడు నెలలు అయిపోతయి. గా రోజు ఆరింటికి మంచిగ లాగిన్ అయితేనే ఉంచుకుంట అన్నరు. సెల్లు నెట్టుకు మాట తెగితే ఇంటికి పొమ్మంటరు."

వెనకాలే ఈరవ్వ వచ్చింది. చేతిలో ఆకు లాగే కర్ర అలాగే ఉంది. అనిల్‌కుమార్‌తో కాదు, ఆశన్నతో మాట్లాడింది.

"నా బిడ్డ నౌకరి గా తీగ మీదనే ఉన్నది గదన్నా. నా కొంపకు నేనే నిప్పు పెట్టుకుంటనా?"

ఆశన్న స్తంభానికి నిచ్చెన ఆనించాడు. ఎక్కాడు. రాగి తీగ కోస్తే కటింగ్ ప్లేయర్‌కు ఎదురు తిరిగేది, మణికట్టుకు తెలిసేది. ఇది చప్పుడు కూడా చేయలేదు. తెగిన కొస గోడ మీదికి జారింది. కిందికి చూడబుద్ధి కాక అతను అవసరం లేకపోయినా స్తంభం మీది జాయింటు డబ్బా మూతను ఒకసారి తడిమి చూశాడు. పదిహేను రోజుల కింద ఎత్తుగా నింపిన చెరకు ట్రాక్టర్ తగిలి ఇక్కడే లైన్ తెగింది. ఆ రోజు మధ్యాహ్నం నుంచి చీకటి పడేదాకా నిచ్చెన మీదే నిలబడి పన్నెండు పోగులు అతికింది అతనే. మూత గట్టిగా ఉంది.

*

శనివారం పదకొండింటికి నిజామాబాద్ నుంచి ఇంజనీర్ వర్ష వచ్చింది. పాతికేళ్ళ పిల్ల, మాట నిదానం. ఆమె దగ్గర తీగలోకి వెలుగు పంపి ఎన్ని మీటర్ల దగ్గర ఏం జరుగుతోందో గీత గీసి చూపే మిషన్ ఉంది. దాన్ని పాలకేంద్రం గోడకున్న డబ్బాలో తగిలించి, నీడ కోసం చున్నీ అడ్డం పెట్టుకుని తెర చూసింది. అనిల్‌కుమార్, ఈరవ్వ, పాలు పోయడానికి కాకుండా వింత చూడటానికి వచ్చిన ఓ ఇరవై మంది ఆమె చుట్టూ మూగారు. సౌందర్య మాత్రం దూరంగా గోడకు ఆనుకుని నిలబడింది.

"గీత సాఫీగనే ఉన్నది," అంది వర్ష. తర్వాత వేలుతో తెర మీద ఒకచోట ఆగింది. "గీ స్తంభం కాడ చిన్న మెట్టు కనపడుతున్నది, వెలుగు కొంచెం తగ్గుతున్నది. ఇప్పుడైతే పాస్ అయితది. డబ్బా తెరిచి ఒకసారి చూద్దామా అన్నా?"

ఆ మాట ఆశన్నకు గుచ్చుకుంది. భయం కాదు, అవమానం. టెలిఫోన్ రోజుల్లో అధికారులు వచ్చినా ఆశన్న కట్టిన కేబుల్ విప్పి చూడలేదు. కొత్తగా చేరినవాళ్ళకు చూపించడానికి మాత్రం తీసుకొచ్చేవాళ్ళు.

"అది నేను వేసిన జాయింటమ్మా," అన్నాడు. "ఇరవై ఆరేండ్లల్ల నా జాయింటు ఎవ్వరు తెరువలే."

వర్ష అతని తలలోని తెల్ల వెంట్రుకలు చూసింది, నిచ్చెన చూసింది, ఇక ఆ మాట ఎత్తలేదు. మిషన్ సంచిలో పెట్టుకుంది. తీగలో దోషం లేదని కాగితం మీద రాసిచ్చి బోధన్ దారి పట్టింది.

"దోషం తీగల లేదు," అన్నాడు అనిల్‌కుమార్ అందరికీ వినపడేలా. "ఇంకెక్కడున్నదో మీరే చెప్పుండ్రి."

ఎవరూ చెప్పనక్కర్లేదు. అందరూ ఈరవ్వనే చూస్తున్నారు. ఆమె కొంగు భుజం చుట్టూ లాక్కుంది. మడిలో సగం ఆకు ఇంకా పరుచుకునే ఉంది. కింద పిలకలు లేస్తున్నాయి, కాల్వ నీళ్ళు వచ్చేలోపు ఆకు తీయకపోతే అవి పైకి రావు.

"రేపు నేను మంట పెట్ట," అంది. "పెట్టకుంటే నెట్ పోతదో లేదో మీరే సూసుకోండ్రి."

"పోకపోతే?"

"పోకపోతే నాదే తప్పని రాసుకోండ్రి. సంతకం పెడత."

సౌందర్య తల్లి చెయ్యి పట్టుకుని లాగింది గానీ మాట అప్పటికే నోరు దాటింది. ఆదివారం తొమ్మిదింటికి ఇక్కడే అనుకున్నారు. కాగితం తనే రాసుకొస్తానన్నాడు అనిల్‌కుమార్.

ఆ సాయంత్రం బోధన్‌లో ఇంటికి చేరిన ఆశన్న ముందర అతని భార్య హన్మవ్వ అంచు ఊడిన చాట పెట్టింది.

"నీ దగ్గర మైనం దారం ఉంటది గద, రెండు కుట్లు ఎయ్."

అది టెలిఫోన్ రోజుల దారం. మైనం పట్టించిన తెల్లటి నూలు. వందలాది రాగి తీగలను వరస తప్పకుండా ఒక మోపుగా కట్టేవాళ్ళు దానితోనే. ప్రతి జాయింటరుకూ తనదైన ముడి ఉండేది. ఆశన్నది చుట్టకు అయిదు ముడులు, అయిదోది ఎదురు తిప్పి బిగించేది. ఎవరి కట్టో చెప్పడానికి కింద పేరు రాయక్కర్లేదు. ఆ రీలు ఒకటి ఇంకా అతని సంచి అడుగున తిరుగుతూనే ఉంది.

చాటను మోకాళ్ళ మధ్య పెట్టుకుని దారం తీశాడు. మనసు ఎర్రకుంటలో ఉంది. కాసేపటికి చూసుకుంటే చాట అంచు మీద చుట్ట పడి ఉంది, దాని మీద నాలుగు ముడులు పడ్డాయి. అయిదోదాన్ని వేళ్ళు ఎదురు తిప్పుతున్నాయి. వెయ్యమని అతను చెప్పలేదు.

ఆశన్న చేతులు అక్కడే ఆగిపోయాయి.

ఫైబర్ శిక్షణలో ఆరు రోజులూ ఒకటే మాట నూరిపోశారు. ఈ గాజు పోగును బిగించకూడదు, చిన్న చుట్ట చుట్టకూడదు, అరచెయ్యంత వెడల్పుగా వదులుగా పరచాలి. వంపు ముదిరితే లోపలి వెలుగు బయటికి కారిపోతుంది. ఆ మాట అతనికి తెలుసు, మూడేళ్ళుగా అలాగే చేస్తున్నాడు. కానీ ట్రాక్టర్ తగిలిన ఆ సాయంత్రం, పన్నెండో పోగు అతికేసరికి చీకటి పడింది. నడుము విరిగిపోతోంది. కింద నుంచి ఊరంతా అయిందా అయిందా అని అరుస్తోంది. డబ్బాలో పోగులు ఎలా సర్దాడో ఎంత గుర్తు తెచ్చుకున్నా ఆశన్నకు గుర్తు రాలేదు.

"ఏమాయె?" అంది హన్మవ్వ.

"ఏం లే," అని అతను చాట పక్కన పెట్టాడు.

*

ఆదివారం నాలుగున్నరకు ఎర్రకుంటలో కుక్కలు తప్ప ఎవరూ లేవలేదు. పాలకేంద్రం గోడ డబ్బా తెరిచి, బోధన్ వైపు తీగ కొస పీకి, దానికి ఎర్ర లైటు పెన్ను తగిలించాడు ఆశన్న. చూడటానికి పెన్నులాగే ఉంటుంది, తీగలోకి ఎర్రటి వెలుగు పంపుతుంది. ఎక్కడ కారుతోందో అక్కడ కంటికి కనిపిస్తుంది. లైన్ చెక్ చేస్తున్నానని అనిల్‌కుమార్‌కు మెసేజ్ పెట్టి, నిచ్చెన ఎక్కి జాయింటు డబ్బా మూత విప్పాడు.

లోపల పోగులు చాయ్ గ్లాసు అడుగంత చుట్టగా చుట్టి ఉన్నాయి. చుట్ట మీద తెల్లటి దారం. అయిదు ముడులు. ముడి ఉన్న ప్రతిచోటా గాజులోంచి ఎర్రటి వెలుగు బయటికి వస్తోంది.

చలికి దారం, డబ్బా, పోగుల పై తొడుగు అన్నీ ముడుచుకుని ఆ చుట్టను ఇంకా బిగిస్తున్నాయి. ఎండెక్కితే వదులవుతోంది. తెల్లారి పోవడం, తొమ్మిదింటికి రావడం అందుకే. మంటకూ దీనికీ ఏ సంబంధం లేదు. రెండింటికీ వేళ మాత్రమే ఒకటి.

అతనికి ముందు వచ్చింది సిగ్గు. ఆ సిగ్గులో చేతులు ఆగలేదు. కత్తెర తీసి అయిదు ముడులూ తెంపేశాడు. పోగులు వాటంతట అవే వెడల్పుగా విచ్చుకున్నాయి, ఎర్రటి చుక్కలు ఒక్కొక్కటే ఆరిపోయాయి. మూత బిగించి, కిందికి దిగి, పెన్ను పీకి తీగ మళ్ళీ తగిలించేసరికి అయిదు దాటలేదు. తెగిన దారం ముక్కలు జేబులో వేసుకున్నాడు.

అయిదున్నర అయింది. నెట్ పోలేదు. ఆరయింది. పాలకేంద్రం ముందర ఫోన్లలో బొమ్మలు నడుస్తూనే ఉన్నాయి. రోడ్డవతల మడిలో మంట లేదు, పొగ లేదు. జనం అటు చూశారు, ఇటు చూశారు, ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు.

ఆశన్న ఫోన్ మోగింది. అనిల్‌కుమార్ గొంతులో పదిహేను రోజుల తర్వాత నవ్వు వినపడింది.

"చూసినవా అన్నా? మంట లేదు, నెట్ పోలే. నేను చెప్పిన గద. నీ లైన్ నిలబడ్డది. ఇగ నువ్వు బేఫికర్‌గ ఉండు."

అప్పటికి గానీ ఆశన్నకు తను చేసింది ఏమిటో పూర్తిగా తలకెక్కలేదు. దారం తెంపి లైన్‌ను బాగు చేశాడు. అదే చేత్తో ఈరవ్వను దోషిని చేశాడు. ఇక ఆమె కాగితం మీద సంతకం పెడుతుంది. తన ఉద్యోగం తనకు ఉంటుంది. జేబులోని దారం ముక్కలు కాల్వలో పారేస్తే ఈ సంగతి ఇంకెవరికీ తెలియదు. నోరు మూసుకుని ఉండటం ఒక్కటే పని, అది కూడా పని కాదు.

ఎవరో ఇచ్చిన చాయ్ చేతిలోనే చల్లారిపోయింది. చూస్తే ఎదురుగా ఈరవ్వ నిలబడి ఉంది. రాత్రంతా మేలుకునే ఉన్నట్టుంది, కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"అంటే నా మంటతోనే పోయిందా అన్నా?" అంది. నిన్నటి గొంతు కాదు. "నాకెరుకనే లేదు. పొద్దున్నే లేసి, నా బిడ్డ నౌకరి నేనే కాలవెట్టుకున్ననా?"

ఊరు అన్నప్పుడు ఆమె తలెత్తే ఉంది. ఇప్పుడు తనే తనను అనుకుంటోంది. ఆశన్న చల్లారిన చాయ్ పారబోశాడు. ఆమె తిట్టి ఉంటే భరించేవాడు.

"ఇంటికి పో చెల్లె," అన్నాడు. "తొమ్మిదింటికి రా. సంతకం మాత్రం పెట్టకు."

*

తొమ్మిదింటికి అనిల్‌కుమార్ కాగితంతో వచ్చాడు. అప్పటికే అరవై ఇళ్ళ వాళ్ళలో సగం మంది పాలకేంద్రం దగ్గర ఉన్నారు. ఆశన్న నిచ్చెన మీద ఉన్నాడు, డబ్బా మూత తీసి ఉంది.

"లైన్ మంచిగుంటే మళ్ళ ఎందుకు తెరిచినవ్?" అన్నాడు అనిల్‌కుమార్ కింద నుంచి.

"అందరు మీ మీ ఫోన్లల్ల ఏదో ఒకటి పెట్టుకోండ్రి," అన్నాడు ఆశన్న. "చూస్తుండ్రి."

సంచిలోంచి రీలు తీశాడు. పోగులను మళ్ళీ అదే చాయ్ గ్లాసు అడుగంత చుట్టగా చుట్టాడు. ఒకటి, రెండు, మూడు, నాలుగు. ఎండెక్కింది కాబట్టి మామూలు బిగువు చాలదని తెలుసు. అయిదో ముడిని ఎదురు తిప్పి, దారం కొస పళ్ళతో పట్టి లాగాడు.

కింద బొమ్మలన్నీ ఆగిపోయాయి.

"పోయింది," అన్నారెవరో.

అలవాటు చొప్పున పది తలలు మడి దిక్కు తిరిగాయి. మడిలో ఈరవ్వ లేదు. ఈరవ్వ వాళ్ళ మధ్యనే, కాగితం ముందర నిలబడి ఉంది.

ఆశన్న ముడి వదిలాడు. కాసేపటికి బొమ్మలు నడిచాయి. మళ్ళీ లాగాడు, ఆగిపోయాయి. మళ్ళీ వదిలాడు. మూడోసారికి ఎవరూ మడి దిక్కు చూడలేదు. అందరూ నిచ్చెన పైకే చూస్తున్నారు. అనిల్‌కుమార్ చేతిలోని కాగితాన్ని మడిచాడు, మళ్ళీ మడిచాడు.

"గా దారం ఎవరు కట్టిండ్రు?" అన్నాడు.

"నేనే. ట్రాక్టర్ తగిలిన నాడు కట్టిన. నిన్న వర్షమ్మ తెరుస్తనంటే తెరువనియ్యలే. పొద్దున్న నేనే చూసిన, నేనే తెంపిన, తెంపి నోరు మూసుకున్న. ఈరవ్వ మంటతోని ఏం కాలే. నా చేతులతోని అయింది."

శుక్రవారం ముసల్ది అన్నవాడు పాల క్యాను మూత తెరిచి లోపల ఏదో వెతికాడు. సౌందర్య తల్లి పక్కకు వచ్చి నిలబడింది. ఈరవ్వ మాత్రం చాలాసేపు నిచ్చెన మీది మనిషిని చూసింది. ఆ చూపులో కోపం ఉందో, జాలి ఉందో ఆశన్నకు అంతుపట్టలేదు.

"దిగు," అన్నాడు అనిల్‌కుమార్. "సంచి ఇటియ్యి. నిజామాబాదోళ్ళకు నేనేమని చెప్పాలె అన్నా? నాకు నువ్వే చెప్పు." అతని గొంతులో కూడా కష్టం ఉంది.

"ఇస్త. ఒక్క తీగ అతికి ఇస్త."

ఈ చివరి అతుకుకు అనిల్‌కుమార్ అడ్డు చెప్పలేదు. ఆశన్న ముందు చుట్ట మీది దారం మొత్తం తెంపి పోగులను అరచెయ్యి వెడల్పున పరిచాడు, మూత వేశాడు. తర్వాత శుక్రవారం తను కోసిన సౌందర్య ఇంటి తీగ కొసలు రెండూ పట్టుకున్నాడు. తొడుగు ఒలిచి, పోగును స్పిరిట్‌తో తుడిచి, అతికే మిషన్‌లో ఎదురెదురుగా పెట్టాడు. మిషన్ చిన్నగా మెరిసింది. కొస చుట్టను వెడల్పుగా, వదులుగా పెట్టి, దేనితోనూ కట్టకుండా వదిలాడు. అంత వదులుగా పనిని విడిచిపెట్టి రావడం అతని చేతులకు కష్టంగానే ఉంది.

మిషన్, ఎర్ర పెన్ను, ప్లేయర్ అన్నీ సంచిలో వేసి అనిల్‌కుమార్‌కు ఇచ్చాడు. రీలు మాత్రం తనది కాబట్టి ఉంచుకున్నాడు.

*

సోమవారం అతనికి ఎర్రకుంటలో ఏ పనీ లేదు. అయినా చీకటి విడవకముందే మోటార్‌సైకిల్ తీశాడు. ఎక్కడికని హన్మవ్వ అడగలేదు, మఫ్లర్ తెచ్చి మెడలో వేసింది.

ఆ పొద్దున చలి మిగతా రోజులకన్నా ఎక్కువ. పాలకేంద్రం ముందర జనం ఎప్పటిలాగే నిలబడి ఉన్నారు. ఆశన్నను చూసి ఒకరిద్దరు తలలు దించుకున్నారు, ఒకతను మాత్రం చాయ్ తాగుతావా అన్నాడు. వద్దన్నాడు. గోడ పక్కనే నిలబడి రోడ్డవతలికి చూశాడు.

ఆరింటికి ఇంకా అయిదు నిమిషాలుండగా ఈరవ్వ మడిలోకి దిగింది. ఆదివారం కాల్చకుండా ఆపిన ఆకును ఒక పెద్ద కుప్ప చేసింది. ఒకసారి స్తంభం దిక్కు తలెత్తి చూసి, వంగి అగ్గిపుల్ల గీసింది. పొగ గట్టు మీదుగా లేచి, స్తంభాన్ని చుట్టి, తీగను దాటి పైకి పోయింది. పాలకేంద్రం ముందర జనం పొగను చూశారు, వెంటనే చేతిలో ఫోన్లు చూశారు. బొమ్మలు నడుస్తున్నాయి.

రోడ్డు పక్క ఇంటి కిటికీలోంచి సౌందర్య గొంతు వినపడింది. "నమస్కారమండి, చెప్పండి. డాక్టర్ గారి టైమా? ఏ రోజుకు కావాలి?" ఊళ్ళో మాట్లాడే గొంతు కాదది, నిదానంగా, తడబడకుండా, ఒక్క అక్షరం కూడా తెగకుండా వస్తోంది. ఆశన్న ఆ మాటలన్నీ వింటూ నిలబడ్డాడు. తర్వాత ఇంకో ఫోను, ఆ తర్వాత ఇంకోటి.

ఇక పోదామని మోటార్‌సైకిల్ దిక్కు తిరుగుతుంటే మడిలోంచి పిలుపు వచ్చింది.

"ఆశన్నా, అక్కడ సలిల నిలబడ్డవేంది? గిట్ల రా. మంట కాడ కూసో."

అతను రోడ్డు దాటి, గట్టు దిగి, మంటకు ఇవతల గొంతుక్కూర్చున్నాడు. ఈరవ్వ కర్రతో ఆకును ఎగదోసింది. ఆశన్న రెండు చేతులూ సెగ దగ్గరకు చాచాడు. చలికి కొంకర్లు పోయిన వేళ్ళు కాసేపటికి ఒక్కొక్కటే వదులయ్యాయి.